చేపల దుకాణం పేరుతో ఒక కేక

టోక్యో,
అక్టోబరు 9.

అన్నయ్యకు రెయిసుకె నమస్కారాలు. ఇక్కడ నేనూ ఫుమిఎ కులాసా, నా మోకాళ్ళు తప్ప. వదినకు నడుంనొప్పి తగ్గిందని రాశావు, మనసు కుదుటపడింది.

నువ్వు పంపిన ఎండుచేపలు అందాయి. ఫుమిఎ కాలుస్తుంటే పై వాటావాళ్ళు కిటికీలు మూసుకున్నారు. "మూసుకోనీండి, వాళ్ళనేం భోజనానికి పిలవలేదుగా!" అంది మీ మరదలు.

నువ్వడిగింది నిజమే, వచ్చే నెలది నా చివరి నాటకం. సినిమాల్లో మంచం దిగని తాత వేషాలు ఇంకా వస్తున్నాయి, వేస్తాను. స్టేజీ మీద రెండు గంటలు నిలబడడం మాత్రం ఇక నావల్ల కాదు. అలాంటిదానికి టిక్కెట్టు పంపితే తిప్పి పంపేశావు. "సినిమా అయితే చూస్తాను, అక్కడ నేనెంత అరిచినా నీ పరువు పోదు" అని రాశావు. చదివి నవ్వాను, తర్వాత ఏడుపొచ్చింది. ముప్ఫై ఒక్క ఏళ్ళుగా ఆ కేకను మోస్తూనే ఉన్నావా అన్నయ్యా?

అది నా మొదటి పెద్ద వేషం. కొడుకు పోయిన తండ్రిని. చీమ చిటుక్కుమన్నా వినబడే హాలు. పాత నాటకాల్లోలాగా నటుడి వంశం పేరు పెట్టి మెచ్చుకోలుగా కేకెయ్యడం మా కొత్త నాటకాల్లో లేదని నీకెవరు చెప్పారు గనక? వెనక వరసలోంచి, చోషి రేవులో చేపల వేలం పాడే గొంతుతో, "ఇసోయా!" అన్నావు. మన దుకాణం పేరు! హాలంతా గొల్లుమంది. నువ్వు నాకు మొహం చూపించకుండా రైలెక్కేశావు. ఇంటికెళ్ళి క్షమించమని ఉత్తరం రాశావు. నేను పెద్దమనిషిలా "ఫర్వాలేదులే" అని జవాబు రాశాను. సిగ్గులేదు నాకు.

ఇన్నాళ్ళూ దాచింది చెబుతున్నాను. నువ్వు అరిచేముందు నేను ఆగిపోయిన ఆ నిశ్శబ్దం నటన కాదు. నేను మాట మర్చిపోయాను. స్టేజీ మీద నా ఎదురుగా వేషంలో ఉన్న మియోకో "చెప్పండీ, చెప్పండీ" అని కళ్ళతోనే బతిమాలుతోంది. బుర్రలో ఒక్క అక్షరం లేదు. నువ్వు అరిచావు, జనం నవ్వారు, ఆ నవ్వు ఆగేలోపు మాట దొరికింది. "అంత నవ్వులోనూ చెదరలేదు, ఏం నిబ్బరమయ్యా నీది!" అని దర్శకుడు భుజం తట్టాడు. హాల్లో ఉన్న సినిమాలాయన వారంలో కబురు పెట్టాడు. ఆ మెప్పంతా నేను తీసుకుని, తప్పు నీ నెత్తిన ఉంచేశాను. నా బతుకంతా నీ గొంతు పెట్టిన భిక్ష అన్నయ్యా.

నిన్న మా నాటకం వాళ్ళందరికీ ఇది చెప్పేశాను. "ఈసారి ఆయన్ని ముందు వరసలో కూర్చోబెట్టండి!" అన్నారు. వద్దన్నాను. నీ పాత చోటే, వెనక వరసలో, టిక్కెట్టు మళ్ళీ పెడుతున్నాను. ఇప్పుడు నాకు మాటలు మర్చిపోయే వయసు కూడా వచ్చింది. నువ్వు రావాలి. నాకు మాట గుర్తున్నా సరే, అరవాలి.

ఇట్లు,
నీ తమ్ముడు,
ఇసోయా రెయిసుకె