ఎడమ పక్క సీటు

అమ్మ బీజీకి,

మీ అమ్మాయి కిరత్ చేతులు జోడించి చెప్పే సత్ శ్రీ అకాల్.

ఇక్కడ అందరం బాగానే ఉన్నాం, గేదెతో సహా. అది మొన్న ఈనింది, పెయ్యదూడ. జున్ను మీ అత్తగారు, దాదీ, ఒక్కతే తింది. మీరు లేకుండా నాన్నకూ నాకూ ముద్ద దిగలేదు. గంగానగర్‌లో మామాజీ వాళ్లు కులాసాగా ఉన్నారని తలుస్తాను.

మీరు అడిగినవాటికి జవాబులు. చుక్కల మందు వేసుకుంటున్నాను. కంటి నీరు తగ్గింది. చూపు రాదన్న డాక్టరు మాట మాత్రం మారలేదు. పుస్తకం కొంచెం కుడికి జరిపి చదువుకుంటున్నాను. కాన్వెంటులో సిస్టర్లు చిన్నపిల్లలకు పాఠాలు చెప్పమన్నారు, ఒప్పుకున్నాను. మీ మరిది, అదే చాచా, క్షమాపణ అడిగాడా అన్నారు. అడగలేదు.

రాజీకి నన్ను ఎవరు ఒప్పించారనీ అడిగారు. అది వరసగా చెప్పాలి.

కాలువ నీళ్ల వంతు కోసం నాన్నా చాచా గట్టు మీద కలబడటం, నేను మధ్యలోకి పరిగెత్తడం, చాచా పార కామ నా ఎడమ కంటికి తగలడం మీరు చూసినవే. ఇప్పుడు తీర్పు దగ్గరపడింది. చాచాకు జైలు తప్పదని లాయరు అనగానే ఊరి పెద్దలు కూర్చున్నారు. అన్నదమ్ములు కావలించుకున్నారు, లడ్డూలు పంచారు. అది చూసే కదా మీరు పెట్టె సర్దుకున్నది. తర్వాత కేసు కొట్టేయమని హైకోర్టులో అర్జీ పెట్టారు. రాజీ నిజమో కాదో ముందు మన మలోట్ మేజిస్ట్రేటు విచారించి చెప్పాలన్నారు.

మొన్న వెళ్లాం. మేజిస్ట్రేటు ఒకావిడ.

"ఫిర్యాది ఎవరు?" అన్నారు.

నాన్న లేచి, "నేనేనండీ," అన్నారు.

"ఇందులో కుల్బీర్ కౌర్ అని ఉందే?"

"మా ఇంటావిడండీ."

"రాలేదా?"

వెనకనుంచి దాదీ అందుకుంది. "అలిగి పుట్టింటికి పోయిందమ్మా. రాజీ కుదిరింది కదా, అందుకు!"

గుమాస్తా నవ్వు ఆపుకోలేకపోయాడు. ఆవిడ నవ్వలేదు. "లడ్డూలు తిన్నారు గానీ, కేసు పెట్టిన మనిషిని ఒక్కరూ అడగలేదా?" అన్నారు.

ఆ రోజు నేను ఆసుపత్రిలో ఉంటే, స్టేషనుకు వెళ్లింది మీరని పెద్దలెవరికీ గుర్తే లేదు బీజీ.

తర్వాత అందరినీ బయటికి పంపి, నన్ను ఒక్కదాన్నే అడిగారు.

"ఎవరైనా ఒత్తిడి చేశారా? భయపడకు, చెప్పు."

"లేదు మేడమ్. అలసిపోయాను."

"అలసట నేను రాసుకోలేనమ్మా. ఇష్టపూర్వకమా, బలవంతమా?"

ఇష్టపూర్వకమనే చెప్పాను. మీతో ఒక్కమాట అనకుండా చెప్పాను. ఎవరూ ఒప్పించలేదు. నాలుగేళ్లుగా ఆ కాగితాల్లో నా పేరు పక్కన 'గాయపడిన వ్యక్తి' అని ఉంది. ప్రతి వాయిదాకూ మళ్లీ ఆ గట్టు మీదకే వెళ్లి పడుతున్నాను. చాచాను క్షమించానో లేదో నాకే తెలియదు. మేడమ్ అది అడగలేదు.

ఇంకొకటి ఇందాకటి నుంచి రాయలేక దాటేస్తున్నాను. మలోట్ బస్సులో నా ఎడమ పక్కన ఎప్పుడూ మీరే కూర్చునేవారు. మొన్న చాచా వచ్చి కూర్చున్నాడు. అటువైపు ఎవరు తోసుకొచ్చినా చెయ్యి అడ్డం పెట్టాడు. కండక్టరు ఊరుకోలేదు. "కోర్టులో తన్నుకునేవాళ్లకి బస్సులో ఒకే సీటా?" అన్నాడు.

"కోర్టుకున్నది ఇదొక్క బస్సే. టిక్కెట్టు కొట్టవయ్యా," అన్నాడు చాచా.

మలోట్ వచ్చేదాకా ఆ చెయ్యి దించలేదు. నేను లేచి వెళ్లిపోనూ లేదు. మీకు కష్టం కలిగిస్తుందని తెలుసు, అయినా ఇది మీకు ఇంకొకరు చెప్పకూడదు.

మీ వాంగ్మూలం కోసం వచ్చే నెల మొదటి సోమవారానికి వాయిదా వేశారు. ఒప్పుకోమని నేను అడగను. మీరు కాదంటే కాదనే రాసుకుంటారు. కేసు నడుస్తుంది, నేను మళ్లీ బోనెక్కి చూసింది చూసినట్టే చెబుతాను. మిమ్మల్ని ఒక్కమాట అనను, ఎవరినీ అననివ్వను.

అయితే గంగానగర్ నుంచి నేరుగా కోర్టుకు వెళ్లకండి. ముందు రోజే ఇంటికి రండి. పొద్దున కలిసి వెళదాం. నేను ముందే బస్సెక్కి, ఎడమ పక్క సీటు మీద చున్నీ వేసి ఉంచుతాను. చాచా వస్తే, మనిషి ఉన్నారని చెబుతాను.

ఇట్లు,
మీకు కుడి పక్కన కూర్చునే కూతురు,
కిరత్