మంటల్లో బావ ముఖం

అక్కా,

బావ రెండు వారాలుగా చర్చికి ఎందుకు రావడం లేదో నీకు చెప్పి ఉండడు. గోడ మీద నేను వేస్తున్న పరలోకం, నరకం బొమ్మ చూశాడు. నరకం మంటల్లో మూడోవాడు అచ్చం ఆయనే, మీసంతో సహా! నా నిచ్చెన విరగ్గొట్టి, "నేను కాదు" అన్నాడని ఒళ్లు మండి వేసేశాను.

పాస్టరుగారు చూసి, "తీర్పు తీర్చే పని నీకెవరు అప్పగించారయ్యా?" అన్నారు. సిగ్గుతో చచ్చిపోయాను. వెంటనే బావను పరలోకంలోకి మార్చాను. అక్కడ నాకోసం అట్టిపెట్టుకున్న చోటు ఒక్కటే మిగిలింది. అది ఆయనకిచ్చి మంటల్లోకి నేను దిగాను. నా పొట్ట మాత్రం భలే కుదిరింది.

ఆదివారం బావను ఎలాగైనా లాక్కురా. రంగు ఇంకా ఆరలేదు. ఆయన నన్ను క్షమించి కాస్త పక్కకు జరిగితే, పరలోకంలో నాకూ చోటుంటుంది.

ఇట్లు,
అరువు నిచ్చెన మీది నీ తమ్ముడు