గోడ తట్టినవాడు

2023, ఫిబ్రవరి 3

ఫ్రంట్‌కి వచ్చాను. నా పని చూసి రాయడం. ఊళ్లలో, అపార్ట్‌మెంట్లలో స్పెషల్ ఫోర్సెస్ ఎలా పోరాడాలో చెప్పే మాన్యువల్‌లో మెట్లదారి చాప్టర్ నాదే. కీవ్‌లో హీటర్ పక్కన కూర్చుని రాశాను.

ఇక్కడి టీమ్ లీడర్ పేరు సార్జెంట్ హవ్రిలో. యాభై దాటాయి, అందరికీ బాబాయ్. నా చాప్టర్ చదివాడట. ట్రైనింగ్‌లో ప్లైవుడ్ బొమ్మలు తిరిగి కాల్చవు కదా కెప్టెన్ గారూ, అన్నాడు. నెస్తోర్ అనే కుర్రాడు నవ్వి, నల్లరొట్టె మీద పందికొవ్వు ముక్క పెట్టి నా చేతికిచ్చాడు. ముందు తినండి సార్, బాబాయ్ తిట్లు రోజూ ఉండేవే, అన్నాడు.

ఫిబ్రవరి 5, ఉదయం 11

ఐదంతస్తుల బిల్డింగ్. నా చాప్టర్ ప్రకారమే వెళ్లారు. నలుగురు, ఒకరి వెనక ఒకరు ఆనుకుని, పరుగున మెట్లెక్కారు. 'వేగమే కవచం' అని రాసింది నేనే.

రెండో అంతస్తు మలుపులో పైనుంచి గ్రెనేడ్ మెట్టు మెట్టూ దిగుతూ వచ్చింది. ఆ చప్పుడు కింద నుంచి విన్నాను. ఆ వెనకే ఇంకోటి.

నలుగురిలో ముందున్న లుక్యాన్ మెట్ల మీదే పోయాడు. వాడికి ముఖం లేదు. నెస్తోర్‌కి రెండు కాళ్లూ పోయాయి. మెడిక్ సొలోమియా వాడి తొడ మీద మోకాలు వేసి నొక్కుతూ, చూస్తావేంటి, ఇటు పట్టుకో, అంది. పట్టుకున్నాను. నా వేళ్ల మధ్య నుంచి రక్తం వెచ్చగా పోతూనే ఉంది. చలేస్తోందని రెండుసార్లు అన్నాడు. మూడోసారి అనలేదు.

ఫిబ్రవరి 6

ఏం రాయను.

ఫిబ్రవరి 8

హవ్రిలో కొడతాడనుకున్నాను. కొట్టలేదు. నెస్తోర్ బుల్లెట్‌ప్రూఫ్ జాకెట్ నా ముందు పడేసి, కడుగు, రేపు ఇంకొకడు తొడుక్కోవాలి, అన్నాడు. గారూ లేదు, మీరూ లేదు. నీళ్లు నాలుగుసార్లు మార్చాను.

తర్వాత బొగ్గుముక్కతో గోడ మీద బిల్డింగ్ గీశాడు. మెట్లు శత్రువుకి తెలిసిన దారి, తలుపూ తెలిసిన దారే, తెలియని దారి మనం చేసుకోవాలి, అన్నాడు. గోడకి పేలుడు చార్జ్ పెట్టి కన్నం చెయ్యాలి. ఒక ఇంట్లోంచి పక్కింట్లోకి. నిదానంగా. అంతా రాసుకున్నాను. రాసేవాడు వరసలో మూడోవాడిగా నడవాలి, అన్నాడు.

ఫిబ్రవరి 11

నడిచాను. నాలుగు గోడలు పేల్చాం. మూడో కన్నంలోంచి దూరితే వంటిల్లు. శత్రువు ఒకడు దుమ్ములో కూర్చుని తుపాకీ కోసం తడుముకుంటున్నాడు. చెవుల్లోంచి రక్తం. రెండడుగుల దూరం నుంచి మూడుసార్లు కాల్చాను. స్టవ్ మీద వాడు పెట్టుకున్న జావ ఇంకా ఉడుకుతోంది.

మావాళ్లెవరికీ గీత కూడా పడలేదు. సిగ్గుపడాల్సినంత సంతోషం.

ఫిబ్రవరి 14

కల్నల్ మెసేజ్. కొత్త పద్ధతి అద్భుతమట. శుక్రవారానికి చాప్టర్ ఫైనల్ కావాలి, అన్ని టీములకీ పంపాలి.

ఫిబ్రవరి 15

ఇవాళ పేల్చిన రెండో గోడ వెనక బాత్రూమ్. తొట్టిలో ఒక ముసలావిడ దుప్పట్లు కప్పుకుని దాక్కుంది. ఛాతీ లోపలికి నొక్కుకుపోయింది. కళ్లు తెరిచే ఉన్నాయి. ఈ ఊరావిడే. చార్జ్ మాది.

హవ్రిలో ఇటుకలన్నీ చేత్తోనే తీశాడు. ఎవర్నీ సాయం రానివ్వలేదు.

పేల్చేముందు గోడ తట్టాలి, పిలవాలి, పది లెక్కపెట్టాలి, ఈ రూలు కలుపుతాను, అన్నాను. అంటే మేం వస్తున్నామని శత్రువుకి చెప్పి మరీ వెళ్లమంటావు, అన్నాడు. అవునన్నాను. మావాళ్లు చస్తారు, అన్నాడు. సొలోమియా సిగరెట్ నలిపేసి, రాయి, అంది.

హవ్రిలో చాలాసేపు తన చేతులు చూసుకున్నాడు. సంతకం నువ్వు పెట్టు, తట్టేది నేను, ఇంకెవడి చెయ్యీ గోడ మీద పడకూడదు, అన్నాడు.

ఫిబ్రవరి 17

తట్టాడు. లోపలెవరైనా ఉన్నారా, మేం మనవాళ్లమే, అన్నాడు. కాల్చకండి, ముగ్గురం ఉన్నాం, అని ఆడగొంతు. ఇద్దరక్కచెల్లెళ్లు, మంచాన పడ్డ వాళ్ల నాన్న. బయటికి తెచ్చాం. అక్క హవ్రిలో చెంప మీద ఒకటిచ్చి, ఇన్నాళ్లూ ఎక్కడ చచ్చారు, అని ఆయన్నే పట్టుకుని ఏడ్చింది. ఆయన నవ్వడం మొదటిసారి చూశాను.

చాప్టర్ పంపేశాను, ఆ రూలుతో.

ఫిబ్రవరి 20, మధ్యాహ్నం 2

తట్టాడు. పిలిచాడు. నాలుగు దాకా లెక్కపెట్టాడు.

అవతల నుంచి మెషిన్‌గన్, ఇటుకలు చీల్చుకుంటూ. మెడ, భుజం, చెయ్యి. నేను వెనకే ఉన్నాను. ఆయన రక్తం నా నోట్లో పడింది.

ఆ గోడ పేల్చాం. లోపల ఇద్దరు. ఒకణ్ణి నేను తుపాకీ మడమతో కొట్టాను. చచ్చాక కూడా కొడుతూనే ఉన్నానట. సొలోమియా కాలర్ పట్టి లాగింది.

ఫిబ్రవరి 22

కల్నల్ ఫోన్. ఆ రూలు తీసేద్దామా యారెమా, అన్నారు. చాప్టర్ మీద పేరు నీది, నిర్ణయం నీదే, అన్నారు. టీమంతా అక్కడే ఉంది. ఎవరూ నా వైపు చూడలేదు.

ఉంచండి, అన్నాను. ఫోన్ పెట్టేశాక, రేపట్నుంచి తట్టేది నేను, అన్నాను. అది టీముకి.

ఫిబ్రవరి 25

హవ్రిలో భార్య ఫోన్ చేసింది. ఎలా పోయాడు, అంది. గోడ తట్టి పిలిచాడమ్మా, అన్నాను.

ఎవర్ని, అంది.