మెట్టకు వచ్చిన పడవ

కనిగిరి మెట్ట,
మే 1984

సమితి అభివృద్ధి అధికారిగారికి బడిపంతులు నమస్కారాలు.

తమరు పంపిన పడవ క్షేమంగా ఉంది.

మేం అడిగింది బోరు. మంచినీళ్ళ పద్దులో డబ్బు అయిపోయిందనీ, తుఫాను సహాయం పద్దులో మిగిలిందనీ, మార్చి ఆఖరులోగా ఖర్చుపెట్టకపోతే అది వెనక్కి పోతుందనీ మీ గుమాస్తాగారు చెప్పారు. ఒక పద్దు డబ్బు ఇంకో పద్దుకు వాడితే నేరమట. అందుకని, సముద్రం చూసినవాడు ఒక్కడూ లేని ఊరికి లారీలో పడవ వచ్చింది.

రోజూ మూడు మైళ్ళు నడిచి నీళ్ళు మోసుకొచ్చే పుల్లమ్మ దాన్ని చూసి, “ఏంది పంతులుగారూ, పడవ ముందొచ్చింది, ఏరు ఎనకమాల వచ్చుద్దా?” అని అడిగింది. జవాబు మా ఊరి పాస్టరుగారు చెప్పారు. బైబిల్లో నోవహు కూడా ఓడ ముందు కట్టాడు, వాన తర్వాతే వచ్చింది, విశ్వాసం ఉంచమన్నారు. నలభై దినాలు దాటాయి. చినుకు లేదు. పడవలో బాలస్వామి కోళ్ళు మాత్రం పిల్లల్ని చేశాయి.

వచ్చేవారం ఆడిటువారు వస్తారనీ, పడవ వాడకంలో ఉన్నట్టు కనిపించాలనీ మీ తాఖీదు అందింది. అలాగే కనిపిస్తుంది. కోళ్ళను దించి, తెడ్డు పట్టుకుని నేనే కూర్చుంటాను. కాని పడవ తేలాలంటే నీళ్ళుండాలి గదండీ. అందుచేత ఆ తుఫాను పద్దులోనే, పడవ నిర్వహణ ఖర్చు కింద, ఒక బోరు మంజూరు చేయించండి.

ఆడిటువారు వెళ్ళాక, పడవ కింద మిగిలిన నీళ్ళు మేం తాగుతాం.

విధేయుడు,
బడిపంతులు