లారీ వచ్చింది, రంగు మార్చవద్దు

మద్రాసు, 21-6-1955

చెల్లెమ్మ తాయారుకు అన్న దీవెనలు.

బావ లారీ ఈ ఉదయం మన చేతికి వచ్చింది! ముందు ఆ మాట మీ అత్తగారికి చెప్పి, తరువాత తక్కినది చదువు.

మామిడి గంపల కింద క్లీనరు సారా డబ్బాలు దాచిన సంగతి బావకు తెలియదని ప్లీడరు గట్టిగా వాదించాడు. ఏడు వారాలుగా పోలీసు స్టేషను ముందు ఎండలో పడి ఉన్న బండిని, కేసు తేలేవరకు బావ దగ్గరే ఉంచుకోమని మేజిస్ట్రేటు ఉత్తరువు ఇచ్చారు. పెరంబూరు రంగసామి జామీను నిలిచాడు. బండిని అమ్మకూడదు, రూపు మార్చకూడదు, పిలిచిన రోజున కోర్టుకు తేవాలి.

బావ సంతోషం పట్టలేక, "అమ్మవారికి మొక్కుండాం సామీ, ఊరికి పోతానే ఎర్ర రంగు కొట్టిస్తా" అని కోర్టు గుమాస్తాతోనే అన్నాడు.

ఆయన కలం కింద పెట్టి, "ఏందయ్యా, ఈడ నీలం లారీ తీసుకోని, రేపు ఎర్ర లారీ తెచ్చి నిలబెడితే దొర ఒప్పుకుంటాడా?" అన్నాడు. వరండా అంతా నవ్వింది.

కాబట్టి నీ మొక్కు ఆగాలి. పెయింటరుకు కబురు పెట్టి ఉంటే వెంటనే వద్దని చెప్పు. రంగు మారితే లారీ మళ్లీ స్టేషనుకే పోతుంది.

ఇన్సూరెన్సు కాగితం ట్రంకుపెట్టెలో ఉందా? రిజిస్టరు పోస్టులో పంపు. పాప పంకజానికి జ్వరం తగ్గిందా?

బావ వీధిలో ఇంజను ఆపకుండా హారను కొడుతున్నాడు. ఇద్దరం రాయపురం గుడికి వెళ్లి, కొబ్బరికాయ కొట్టి, అమ్మవారిని వాయిదా అడుగుతాం. మీ అత్తగారికి నమస్కారాలు.

నీ అన్న,
ఆదిమూలం