డ్యామేజ్ చీటీ

గురువారం, వెస్ట్ బే హోటల్ పని

వరల్డ్ కప్ అతిథుల కోసం తెప్పించిన బొమ్మలు విప్పాము. ఒక మెక్సికో చిత్రకారిణి తనను తానే గీసుకున్న బొమ్మల నకళ్లు. ఒకదానిలో మెడ నుంచి నడుము దాకా పగులు, ఒంటినిండా మేకులు. దారిలో పాడైందనుకుని డ్యామేజ్ చీటీ అంటించాను.

సూపర్‌వైజర్ ఖాలిద్ భాయ్ పడీపడీ నవ్వాడు. “అరే మల్లన్నా, బొమ్మ మంచిగనే ఉన్నది! ఆమె వెన్ను ఇరిగింది. దాచకుండ గట్లనే గీసుకున్నది.”

చీటీ పీకేశాను. పోయిన నెల నిచ్చెన మీంచి పడ్డప్పటి నుంచి నా చొక్కా కింద నడుం పట్టీ ఉంది. తెలిస్తే కంపెనీవాళ్లు వీసా రద్దు చేసి ఇంటికి పంపేస్తారు.

“రేపు లాబీల పెద్ద ఫ్రేము నువ్వే ఎత్తాలె. గట్టోనివి!”

సరేనన్నాను. చీటీ పారేయలేక ఈ డైరీ పేజీలో అంటించాను. ఎత్తకముందే ఆయనకు చెప్పాలి. లేదంటే పట్టీ ఇంకాస్త బిగించుకుంటే...