చెంప మీద గాలి

సింహాచలం అక్కకి, లక్ష్మి నమస్కారం. నువ్వు పోయి ఐదు నెలలైంది.

ఇవాళ ఆదివారం. సుంగై పెటానిలో మధ్యాహ్నం వాన కురిసి ఇప్పుడే వెలిసింది. మా ఆయన బయట మోటార్‌సైకిల్ తుడుచుకుంటున్నాడు. నేను వంటింటి బల్ల దగ్గర కూర్చుని రాస్తున్నాను. మలేషియాలో పుట్టినదాన్ని, చిన్నప్పుడు గుడిలో ఆదివారం క్లాసులో నేర్చుకున్న అక్షరాలివి, తప్పులుంటే నవ్వుకో. నీకు చదవడం రాదని తెలుసు. రాశాక పైకి చదువుతాలే. దగ్గర్లోనే ఉన్నావుగా... ఉన్నావు కదూ?

గ్లౌజుల ఫ్యాక్టరీలో మన బల్ల అలాగే ఉంది. నీ కుర్చీలో మాత్రం మొన్నటిదాకా ఎవరూ కూర్చోలేదు. కూర్చోవద్దని ఎవరూ అనలేదు. కొత్తగా వచ్చిన నేపాలీ పిల్లలకు నువ్వెవరో కూడా తెలియదు. అయినా ఒక్కొక్కరూ ఆ కుర్చీ దాకా వచ్చి, ఒక్క క్షణం ఆగి, పక్క కుర్చీ లాక్కుని కూర్చునేవారు. ఎందుకో?

నన్ను ఆ పనిలో చేర్చిందీ నువ్వే, నేర్పిందీ నువ్వే. గ్లౌజులో గాలి నింపి, మణికట్టు దగ్గర మెలిపెట్టి, చెంపకు దగ్గరగా తిప్పాలి. సూదిమొనంత చిల్లున్నా ఆ గాలి చెంపకు తెలుస్తుంది. "కళ్ళతో సూసి సెప్పకు పిల్లా, సెంప కాడ ఎట్టి సెప్పు" అనేదానివి. మిషన్లు వచ్చాక కూడా అనుమానమున్న పెట్టెలు మన బల్ల మీదికే వచ్చేవి. పదేళ్ళు నీ కుడిపక్కనే కూర్చున్నాను. నా ఎడమ చెంప ఎప్పుడూ నీ వైపే.

నీ పదహారో రోజు కర్మ అయ్యాక పనికి వెళ్ళాను. మూడో గ్లౌజుకే ఎడమ చెంప మీద గాలి తగిలింది. చిల్లు ఉందనుకుని పక్కన పడేశాను. తర్వాతిదీ అంతే. ఆ తర్వాతిదీ అంతే. టీ వేళకి చిల్లువి పడేసే నా ఎర్రబుట్ట నిండిపోయింది. మన సూపర్‌వైజర్ రొహానీ, మలాయిలో మనమంతా కాక్, అంటే అక్కా అని పిలిచే ఆవిడ, వచ్చి, అనుమానంగా నా మొహం చూసి, అన్నిటిలోనూ నీళ్ళు పోయించింది. ఒక్క చుక్క కారలేదు అక్కా. అన్నీ మంచి గ్లౌజులే.

ఏసీ గాలేమోనని పైన మూత కూడా మూయించారు. మర్నాడు చేతిలో గ్లౌజు లేకుండానే తగిలింది. సన్నగా, వెచ్చగా, ఎవరో పక్కకు వంగి ఊపిరి వదిలినట్టు. లవంగం వాసన కూడా వచ్చింది. పంటి నొప్పికి నువ్వు బుగ్గన పెట్టుకునే లవంగం నాకు తెలియదా? మెల్లగా తల తిప్పి చూశాను. పొద్దున గోడ దగ్గరున్న నీ కుర్చీ బల్ల దగ్గరికి వచ్చి ఉంది. ఎవరు జరిపారని నేను అడగలేదు. మేం కాదంటారేమోనని భయం.

అవును, భయపడ్డాను. నీ దగ్గర దాపరికమెందుకు. గుడికి వెళ్ళి విభూది తెచ్చి ఆ ఒక్క చెంపకే రాసుకున్నాను. ఆ రోజు గాలి మరీ ఎక్కువైంది. నీకు కోపమొచ్చిందా, నవ్వొచ్చిందా?

కొన్నాళ్ళకు గమనించాను. అది ఊరికే రావడం లేదు. లైన్ లీడర్ పోస్టు ఖాళీగా ఉంది, ఇష్టమున్నవాళ్ళు పేర్లు రాయండని కాక్ ఒక కాగితం తెచ్చి బల్ల మీద పెట్టింది. నేను చూడకుండానే దాన్ని పక్కామె ముందుకు తోసేశాను. అప్పుడు తగిలింది. నిన్నగాక మొన్న చేరిన ఒకాయన వచ్చి, మన పెట్టెలు ఎలా చూడాలో నాకే పాఠం చెబుతుంటే బుద్ధిగా తలూపాను. అప్పుడూ తగిలింది. నేను నోరు మూసుకున్న ప్రతిసారీ నువ్వు వస్తున్నావు. పోయాక కూడా నన్ను కుదురుగా కూర్చోనివ్వవా, మహాతల్లీ?

ఆ మాట నవ్వుతూనే అనుకున్నాను, అనుకున్నాక నవ్వు ఆగిపోయింది. నువ్వెందుకు వస్తున్నావో తెలిసింది. నిరుటి సంగతికే కదా?

నిరుడు ఇదే పోస్టు కోసం నువ్వు ఆఫీసు గదికి వెళ్ళాలనుకున్నావు. ఇరవై రెండేళ్ళు అందరికీ పని నేర్పినదానివి. నీ దగ్గర నేర్చుకున్నవాళ్ళు నీకు పైవాళ్ళై కూర్చున్నారు. "నా బజారు మలాయి ఆ గదిలో పనికిరాదు పిల్లా. నువ్వు బళ్ళో ఫారం ఫైవ్ దాకా సదివినావు. నా పక్కన కూసో సాలు, నాను సెప్పింది ఆల్లకి సక్కగా సెప్పు" అన్నావు. సరేనన్నాను. ఆ పొద్దున తలనొప్పి అని సెలవు పెట్టాను.

నాకు ఏ తలనొప్పీ లేదు అక్కా. ఆ గదంటే భయం. పెద్దవాళ్ళ ముందు నాకు నోరు పెగలదు.

నువ్వు ఒక్కదానివే వెళ్ళావు. సాయంత్రం నొప్పి నూనె పట్టుకుని మా ఇంటికి వచ్చావు. నీ చేత్తో నా నుదుటికి రాశావు. గదిలో ఏమైందని అడిగితే "ఏటీ కానేదు. నువ్వు తొంగో" అన్నావు. నేను కళ్ళు మూసుకున్నాను. నిద్రకు కాదు, సిగ్గుకు. ఆ సంగతి నీకప్పుడే తెలుసా? తెలిసే రాశావా ఆ నూనె?

నువ్వెందుకు వస్తున్నావో తెలిసిన మర్నాడే కాక్ దగ్గరికి వెళ్ళి కాగితం మీద నా పేరు రాశాను. రెండు వారాలకు పిలిచారు.

గదిలో అటుపక్క ముగ్గురు, ఇటుపక్క ఒకటే కుర్చీ. కూర్చుని నీ గాలి కోసం చూశాను. చెంప కాస్త ఎడమకు తిప్పి కూడా చూశాను. రాలేదు. ఇన్నాళ్ళూ హడలగొట్టినదానివి, కావలసిన రోజున లేవు. ఆ కుర్చీలో నువ్వు ఒక్కదానివే ఎలా కూర్చున్నావో అప్పుడు తెలిసింది. మొహం వాళ్ళ వైపు తిప్పి మాట్లాడాను. ముందు తడబడ్డాను, ఒక మాటకు మలాయి గుర్తురాక ఇంగ్లీషులో చెప్పాను. ఎవరూ నవ్వలేదు. పని ఎవరు నేర్పారని అడిగారు. నీ పేరు చెప్పి, రాసుకోమన్నాను. అదెలా రాయాలని ఒకాయన అడిగాడు. ఇరవై రెండేళ్ళు వాళ్ళ దగ్గరే పనిచేశావు... అక్షరం అక్షరం చెప్పాను.

పోస్టు ఇచ్చారు. ఇప్పుడు బల్ల వెనక నిలబడి అందరి పనీ చూస్తున్నాను. నా చెంపకు ఆ గాలి మళ్ళీ తగల్లేదు. పీడ పోయిందని సంబరపడాలి కదా? బెంగ పెట్టుకున్నాను. రోజూ ఒకసారి ఎవరూ చూడకుండా నీ కుర్చీ పక్కన నిలబడి చెంప వంచేదాన్ని. ఏమీ లేదు.

మొన్న గురువారం దేవి నీ కుర్చీలో కూర్చుంది. నీకు తెలుసుగా, బంటింగ్ ఊరి నుంచి పెళ్ళై వచ్చిన పిల్ల, మన మాట అర్థమైనా తమిళంలోనే జవాబిస్తుంది. ఆగలేదు, ఆలోచించలేదు, తిన్నగా వచ్చి కూర్చుంది. గంటకల్లా దాని ఎర్రబుట్ట నిండిపోయింది. నీళ్ళు పోసి చూశాను, అన్నీ మంచివే. అది చెంప రుద్దుకుంటూ, పక్కన ఎవరూ లేకుండా ఊదుతున్నదెవరని అడిగింది. చేతుల మీద రోమాలు నిక్కబొడుచుకుని ఉన్నాయి, పాపం.

నాకు మాత్రం భయం వేయలేదు. ఏ మాట లోపల దాచుకున్నావని అడిగాను. తెల్లబోయింది. కాంటీన్‌లో టీ తాగేటప్పుడు చెప్పింది. మిషన్లు బాగుచేసే పని నేర్చుకోవాలని ఉందట. మన దగ్గర ఇంతవరకూ ఆ పనికి ఒక్క ఆడదాన్నీ తీసుకోలేదు. రెండేళ్ళుగా అడగాలనుకుంటోంది, ఆ గది తలుపు దాకా వెళ్ళి తిరిగి వచ్చేస్తోందట.

శుక్రవారమే దాని చేత అడిగించాను, రేపు పది గంటలకు దాన్ని ఆ గదికి పిలిచారు. నేను పక్కన కూర్చుంటాను. మాట్లాడేది అదే. మాట తడబడితే అందిస్తాను, అంతే.

ఇటుపక్క మూడు కుర్చీలు వేయించమని ఆఫీసులో చెప్పాను. మీరు ఇద్దరే కదా అన్నారు. మూడే వేయమన్నాను.

ఈసారి బయట ఆగిపోకు, లోపలికి రా.

నీ లక్ష్మి